సముద్రంలో నూలు పుడుతుందా?

ప్రశ్న: నేనో ఫాంటసీ కథ రాస్తున్నాను. మాయా సముద్రంలోంచి తీసిన దారంతో నేసిన గుడ్డ కప్పుకుంటే కాలం నెమ్మదిస్తుంది. సముద్రంలోంచి దారం అంటే ఎవరైనా నమ్ముతారా? - ఓ పాఠకురాలు, కాకినాడ

జవాబు: భేషుగ్గా నమ్ముతారమ్మా, ఎందుకంటే అలాంటి దారం నిజంగానే ఉంది! మధ్యధరా సముద్రంలో పిన్నా నోబిలిస్ అనే పెద్ద ఆల్చిప్ప, ఒక్కోటి దాదాపు మీటరు దాకా పెరుగుతుంది, మొన తేలిన కొసను ఇసుకలో దిగేసుకుని గడ్డం లాంటి పీచుతో అడుగును పట్టుకుని నిలబడుతుంది. ఆ పీచునే మంచినీళ్లలో కడిగి, ఆరబెట్టి, దువ్వి, కదురు మీద వడికేవారు. నిమ్మరసంలో నానబెడితే గోధుమరంగు దారం ఎండలో బంగారంలా మెరుస్తుంది. దీన్నే సీ సిల్క్ అంటారు. ఇటలీలో టారంటో, సార్డీనియా దగ్గరి సాంత్ ఆంటియోకో ఈ పనికి పేరుపడ్డ ఊళ్లు.

బాధేమిటంటే, 2016 నుంచి ఒక పరాన్నజీవి సోకి ఈ ఆల్చిప్పలు గుంపులు గుంపులుగా చచ్చిపోయాయి. యూరప్‌లో వీటిని పట్టడం ఎప్పుడో నిషేధించారు కూడా. నాకైతే తలచుకుంటేనే మనసు చివుక్కుమంటుంది.

మీ కథకు నా సలహా ఒక్కటే, మాయను గుడ్డలో కాదు, మగ్గం మీద పెట్టండి. పడుగులో ఒక పోగు తెగితే ఊళ్లో ఒక గంట మాయమవ్వాలి, నేసే మనిషి దాన్ని వేళ్లతో అతికేదాకా పొయ్యి మీది పాలు పొంగకుండా అలాగే ఆగిపోవాలి.