ఇంజిన్ ట్యూనింగ్ నేర్చుకోవాలంటే కొత్త లాప్‌టాప్ కొనాలా?

ప్రశ్న: మా అబ్బాయి బీటెక్ మెకానికల్ మూడో సంవత్సరం. కిందటేడు అడిగాడని మ్యాక్‌బుక్ ఎయిర్ కొనిచ్చాం. ఇప్పుడు కారు ఇంజిన్ ట్యూనింగ్ నేర్చుకుంటాను, విండోస్ లాప్‌టాప్ కావాలంటున్నాడు. ఉన్నదాంట్లోనే వర్చువల్ మెషీన్ (మ్యాక్ లోపలే విండోస్‌ను నడిపించే సాఫ్ట్‌వేర్) వేసుకుంటే సరిపోతుందని వాళ్ల ఫ్రెండ్ అన్నాడట. ఏం చేయమంటారు? అసలు దీంతో ఉద్యోగం వస్తుందా? – ఒక తండ్రి, ఒంగోలు

జవాబు: ఇప్పుడే కొత్తది కొనకండి. మొదలుపెట్టడానికి వర్చువల్ మెషీన్ కూడా అక్కర్లేదు. ఇంజిన్‌కు ఎంత ఇంధనం, ఎప్పుడు నిప్పురవ్వ అని నిర్ణయించే చిన్న కంప్యూటర్‌ను ఈసీయూ అంటారు. స్పీడూయినో అని ఆర్డూయినో మెగా అనే చిన్న ఎలక్ట్రానిక్ బోర్డు మీద నడిచే ఓపెన్ సోర్స్ ఈసీయూ ఉంది. దాన్ని ట్యూన్ చేసే ట్యూనర్‌స్టూడియో అనే సాఫ్ట్‌వేర్ నేరుగా మ్యాక్ మీదే నడుస్తుంది. ఇంజిన్ తిరుగుతోందని చెప్పే క్రాంక్ సెన్సర్ సిగ్నల్‌ను ఇంకో ఆర్డూయినోతో పుట్టించి, ఇంజిన్ లేకుండా బల్ల మీదే ఫ్యూయల్ మ్యాప్ (ఎప్పుడు ఎంత ఇంధనం అని చెప్పే పట్టిక), ఇగ్నిషన్ టైమింగ్ ఎలా పనిచేస్తాయో చూడొచ్చు.

చిక్కంతా విండోస్‌లో మాత్రమే నడిచే సాఫ్ట్‌వేర్‌తోనే. కిందటేడు కొన్నారంటే మీ మ్యాక్‌లో ఉన్నది ఆపిల్ సొంత చిప్. దాని మీద వర్చువల్ మెషీన్‌లో నడిచేది ఏఆర్‌ఎం విండోస్, అంటే ఆ తరహా చిప్‌ల కోసం చేసిన విండోస్. మామూలు విండోస్ ప్రోగ్రాములను అది చాలావరకు నడిపిస్తుంది కానీ డ్రైవర్ల (తగిలించిన పరికరాన్ని విండోస్ గుర్తుపట్టేలా చేసే చిన్న ప్రోగ్రాముల) దగ్గర ఆ వెసులుబాటు లేదు. కారుకు తగిలించే కేబుల్‌కు ప్రత్యేకంగా ఏఆర్‌ఎం డ్రైవర్ ఉండాలి. పాత కేబుళ్లకు అది దొరకడం కష్టం. సాఫ్ట్‌వేర్ చక్కగా తెరుచుకుంటుంది, కారు మాత్రం కనిపించదు. పిల్లలు రాత్రంతా కూర్చుని జుట్టు పీక్కునేది ఇక్కడే.

కేబుల్ పనిచేసినా, రీడింగులు చూడటం, లాగ్ తీయడం (వాటిని ఫైల్‌గా దాచుకోవడం) వరకే వర్చువల్ మెషీన్‌లో చేయమనండి. ఈసీయూలోకి కొత్త ఫైల్ రాసే పని, అంటే ఫ్లాషింగ్, అందులో వద్దు. కొన్ని పరికరాలు రాసేటప్పుడు మధ్యలో రీసెట్ అయి మళ్లీ కనెక్ట్ అవుతాయి. ఆ క్షణంలో యూఎస్‌బీని మ్యాక్ తన వైపు లాక్కుంటే రాత సగంలో ఆగుతుంది. లాప్‌టాప్ నిద్రలోకి జారినా అంతే. సగం రాసిన ఈసీయూతో బండి స్టార్ట్ కాకపోవచ్చు. ఫ్లాషింగ్ దాకా వచ్చిన రోజున, ఇంటెల్ చిప్ ఉన్న ఓ పాత విండోస్ లాప్‌టాప్ సెకండ్ హ్యాండ్‌లో చూడండి. కారు బ్యాటరీకి ఛార్జర్ తగిలించి చేయడం కూడా అప్పుడే అలవాటు కావాలి.

ఇక ఉద్యోగం సంగతి. ఈసీయూలో కంపెనీ సెట్టింగులు మార్చి పవర్ పెంచే 'స్టేజ్ వన్ రీమ్యాప్' షాపులు చూసి మీవాడు ముచ్చటపడుతుంటే, దాన్నే కెరీర్ అనుకోవద్దని చెప్పండి. రీమ్యాప్ చేస్తే వారంటీకి ఎసరు. పొగ పరిమితులు దాటితే చట్టంతోనూ పేచీ. కంపెనీల్లో ఇదే విద్యను క్యాలిబ్రేషన్ అంటారు. వాహనాల పొగ నిబంధనలైన బీఎస్6 రెండో దశ 2023 ఏప్రిల్‌లో వచ్చాక, ల్యాబ్‌లోనే కాదు, రోడ్డు మీద నడిచేటప్పుడూ ఉద్గారాలు కొలుస్తున్నారు. దాంతో ఈ పని ఇంకా పెరిగింది. అక్కడ వాడేవి ఈటాస్ కంపెనీ ఇన్కా (INCA), వెక్టర్ కంపెనీ కెనాప్ (CANape) లాంటి సాఫ్ట్‌వేర్లు. ఇవీ విండోస్‌వే, ఖరీదైనవి. ఇంట్లో కొనుక్కునే సరుకు కాదు. ఇంటి దగ్గర నేర్చుకోవాల్సింది క్యాన్ బస్ (బండిలోని కంప్యూటర్లు మాట్లాడుకునే నెట్‌వర్క్), ఎక్స్‌సీపీ ప్రోటోకాల్ (ఈసీయూలోని విలువలు చదివి మార్చే పద్ధతి), సిమ్యులింక్ (కంప్యూటర్‌లో మోడల్ కట్టి పరీక్షించే సాఫ్ట్‌వేర్), లాగ్ డేటాను పైథాన్‌తో విశ్లేషించడం. పెట్రోల్ బండ్లు తగ్గిపోతే ఏంటనే టెన్షన్ ఉండొచ్చు. ఎలక్ట్రిక్ బండ్ల మోటార్ కంట్రోలర్‌కూ, బ్యాటరీకీ కూడా క్యాలిబ్రేషన్ ఉంటుంది కాబట్టి ఈ చదువు వృథా పోదు.

ఇలాంటి ఉద్యోగాలు ఎక్కువగా పుణె, చెన్నై, బెంగళూరు వైపు ఉంటాయి. కాలేజీలో ఫార్ములా భారత్ (విద్యార్థులు సొంతంగా రేసు కారు తయారుచేసే పోటీ) జట్టు ఉంటే వెంటనే చేరమనండి. కోయంబత్తూరు ట్రాక్ మీద పరుగెత్తే బండికి తన చేత్తో మ్యాప్ వేసినవాడికి ఇంటర్వ్యూలో చెప్పుకోవడానికి చాలా ఉంటుంది.

పాత లాప్‌టాప్ కొనేముందు కూడా ఒక్క మాట అడగండి: ఏ ఈసీయూ, ఏ కేబుల్, ఏ సాఫ్ట్‌వేర్ అని. ఆ మూడు పేర్లూ చెప్పలేకపోతే ఇంకో సెమిస్టర్ ఆగొచ్చు.