పాఠకుల ప్రశ్నలు: అరుణాస్పదపురం ఎక్కడుంది?

ప్రశ్న: ఈ మధ్యనే మనుచరిత్ర చదవడం మొదలుపెట్టాను. అందులో మొదట కనిపించే బ్రాహ్మణుడు ప్రవరుడి ఊరైన అరుణాస్పదపురం నిజంగా ఉండేదా, లేక అల్లసాని పెద్దన కల్పించినదా? విజయనగరాన్నే ఆయన ఆ పేరుతో వర్ణించాడని కొందరు అంటారు. ఆ ఊళ్ళో ఎలాంటి మేడలుండేవి, ఎవరెవరు ఉండేవారు?
– ఒక పాఠకురాలు, నెల్లూరు

జవాబు: ఊరి పేరు పెద్దన కల్పించినది కాదు. మార్కండేయ పురాణంలో, మనుచరిత్రకు మూలమైన స్వారోచిష మనువు కథ వరణా నది ఒడ్డున ఉన్న అరుణాస్పదంలోనే మొదలవుతుంది. వరణ, అసి అనే రెండు నదుల పేర్లు కలిసి వారణాసి అయిందని చెప్పుకునే సంప్రదాయం ఉంది కనుక, ఆ ఊరిని కాశీ పరిసరాల్లో ఊహించుకోవచ్చు. పెద్దన కూడా అది ఆర్యావర్తంలో, అంటే ఉత్తర భారతంలో, ఉందనే చెప్పాడు. పురాణం నుంచి ఆయనకు ఊరి పేరూ నదీ దొరికాయి. తెలుగువాళ్ళ మనసులో నిలిచిన కోట, మేడలు, మనుషులు మాత్రం ఆయన చేతిలో రూపు దిద్దుకున్నవే.

కట్టడాల గురించి చెప్పింది ఒక్క పద్యంలోనే. కోట గోడ ఆకాశాన్ని ముద్దాడుతుంది. మేడల సున్నపు తెలుపు పైకి ఎగసి, చంద్రబింబంలో నల్లగా కనిపించే జింకను సైతం తెల్లగా మార్చేస్తుంది. సుధ అంటే సున్నం, సుధ అంటే అమృతం. అమృతానికి నిలయమైన చంద్రుడికి ఈ ఊరి గోడల సున్నం వెలుగు అంటించిందన్నమాట. ఎన్ని వీధులు, ఎన్ని అంతస్తులు అనే లెక్క ఒక్కటైనా ఇవ్వకుండా, రాత్రిపూట దూరం నుంచి ఆ ఊరు ఎలా కనిపిస్తుందో చూపించడం నాకెంతో ఇష్టమైన విషయం.

రెండో పద్యం మనుషులది. అక్కడి విప్రులు విద్యలో బ్రహ్మనైనా మెచ్చరు, ముసలితనంతో మతి తప్పినవాడంటారు. రాజులు ఒక బంటును పంపి పరశురాముణ్ణైనా యుద్ధానికి పిలిపిస్తారు. వర్తకులు కుబేరుడికైనా సంచి మొదలు (పెట్టుబడి) ఇచ్చి నిలబెట్టగలరు. నాలుగో జాతివారైన రైతులు నాగలి మొనతో సంపాదించిన సిరితో ఆదిభిక్షువైన శివుడి చేత బిచ్చమెత్తడం మాన్పించగలరు. నాట్యంలో ఆరితేరిన వెలయాండ్రు రంభాదులనైనా లెక్కచేయక సాగనంపగలరు. ఆ ఊళ్ళో పుట్టిన చిగురుకొమ్మకైనా చేవ ఉంటుందన్న చివరి మాట సామెతగా మిగిలిపోయింది. చేవ అంటే మానులో ముదిరిన గట్టి భాగం. లేత కొమ్మలో అది ఉండే వీలే లేదు.

ఈ వరసలో నా మనసు రైతు దగ్గరే ఆగుతుంది. పండితుడు దేవుణ్ణి తీసిపారేస్తే, రాజు సవాలు చేస్తే, వర్తకుడు పెట్టుబడి ఇస్తే, రైతు ఒక్కడే దేవుడికి అన్నం పెడుతున్నాడు. అయితే ఊరంటే వర్ణాల వరస అనుకునే ఈ చూపులో, చంద్రుణ్ణి వెలిగించిన ఆ మేడలకు సున్నం కొట్టిన చేతులకు చోటు దక్కలేదన్న సంగతిని కూడా చెప్పుకోవాలి.

ఇక విజయనగరం మాట. మనుచరిత్రను అంకితం పుచ్చుకున్న కృష్ణదేవరాయలు 1509 నుంచి 1529 వరకు పాలించాడు; ఆ కాలంలోనే వచ్చిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పేస్ ఆ నగరం రోమ్ అంత పెద్దదిగా తోచిందని రాశాడు. అలాంటి నగరంలో తిరిగిన కవి ఊహలో వర్తకుల సంచులు, రాజుల బింకం ఆ చుట్టుపక్కల నుంచే వచ్చి ఉంటాయని నేనూ అనుకుంటాను. అంతమాత్రాన అరుణాస్పదపురాన్ని విజయనగరానికి మారుపేరుగా చదవడం సరికాదు, ఎందుకంటే ప్రవరుడి ఊరు రాజధాని కాదు, ఈ కథలో దానికి రాజు అవసరం కూడా లేదు.

ప్రశ్న: ప్రబంధాల్లో పురవర్ణన విస్తారంగా ఉంటుందంటారు కదా, మనుచరిత్రలో అది రెండు పద్యాలతోనే ఎందుకు ముగిసిపోయింది?
– ఒక డిగ్రీ విద్యార్థి, కరీంనగర్

జవాబు: విస్తారంగా ఉండే మాట నిజమే, వసుచరిత్ర అనే ప్రబంధంలో అధిష్ఠానపుర వర్ణన చూడండి. పెద్దన మాత్రం రెండు పద్యాలు కాగానే మూడో పద్యాన్ని ‘ఆ పురిఁ బాయకుండు’ అని ఎత్తుకుని ప్రవరుణ్ణి మన ముందుకు తెస్తాడు. అందగాడు, పండితుడు, ఎప్పుడూ పాఠం చెబుతూ ఉండేవాడు అన్న విశేషణాలన్నిటి కంటే ముందు, ఆ ఊరు విడిచి వెళ్ళనివాడు అన్న మాట వస్తుంది. ఆ వెంటనే అతని ఇల్లు కనిపిస్తుంది. వెయ్యిమంది వచ్చినా వండడానికి అలసిపోని ఇల్లాలు, అర్ధరాత్రి వచ్చిన అతిథికైనా దొరికే భోజనం, యాత్రికులు వచ్చారని వింటే ఎంత దూరమైనా ఎదురువెళ్ళే గృహస్థు. నా దృష్టిలో ఆ ఊళ్ళో అన్నిటికంటే శ్రద్ధగా కట్టిన కట్టడం ఈ ఇల్లే.

పురవర్ణనలో మిగిలిన భాగాన్ని కవి హిమాలయం మీదికి దాచిపెట్టాడు. తనను హిమాలయానికి చేర్చిన పాదలేపం, అంటే ఒక సిద్ధుడు ఇచ్చిన కాళ్ళకు పూసుకునే మందు, మంచుకు కరిగిపోయి దారి తెలియక నిలబడినప్పుడు, ‘ఎక్కడి యరుణాస్పదపుర మెక్కడి తుహినాద్రి’ అని ప్రవరుడు వాపోతాడు. నిమిషం కనపడకపోతే ఊరంతా వెతికే తండ్రి, సంధ్యవేళ గడప దాటనివ్వని తల్లి, ఇల్లాలు, శిష్యులు, అతిథులు, ఆరిపోతాయేమోనన్న హోమాగ్నులు ఒక్కొక్కటిగా గుర్తుకొస్తాయి. కోట గోడా సున్నపు మేడలూ అతనికి గుర్తు రావు. అప్సరస వరూధిని ఎదురైనప్పుడు కూడా, నీవెవరని పలకరించిన నోటితోనే ఊరు చేరే దారి చెప్పమని అడుగుతాడు.

అగ్నిదేవుణ్ణి వేడుకుని అతను ఇల్లు చేరాక, కథ వరూధినితో పాటు ఆ కొండల మీదే ఉండిపోతుంది; కావ్యం మళ్ళీ అరుణాస్పదపురంలో అడుగుపెట్టదు.