నీళ్లు తగ్గుతున్నాయంటే ఎక్కడికో పోతున్నట్టే

బానెట్ కింద: పాఠకుల ప్రశ్నలకు మెకానిక్ జవాబులు

ప్రశ్న: మాస్టారూ, నమస్కారం. మా కారుకి 9 ఏళ్లు. మూడు నెలలుగా కూలెంట్ డబ్బాలో మట్టం వారం తిరిగేసరికి మిన్ గీత కిందికి దిగిపోతోంది. పావు లీటరు పోస్తే మళ్లీ మామూలే. కారు నిలిపిన చోట నేల మీద చుక్క తడి కనిపించదు. హీటు ముల్లు ఎప్పుడూ సగం దాటలేదు. ఒక మెకానిక్ "పాత బండి కదమ్మా, ఆ మాత్రం తాగుతుందిలే" అన్నాడు. ఇంకొకాయన చూడకుండానే రేడియేటర్ మార్చాలన్నాడు. డబ్బా ఒకప్పుడు పాలతెలుపుగా ఉండేది, ఇప్పుడు ముదురు పసుపుకి తిరిగింది. మూత మీద 1.4 అని ఉంది. రోజూ పిల్లల్ని ఎక్కించుకుని తిరిగే బండి. ఎవరి మాట వినమంటారు?

జవాబు: ఇద్దరి మాటా వినొద్దమ్మా. ఇంజన్ ఆయిలు కాస్త తాగుతుందంటే ఒప్పుకుంటాను గానీ, కూలెంట్ తాగడం మంచి ఇంజన్ లక్షణం కాదు. ఇంజన్‌లోంచి రేడియేటర్‌కి, అక్కణ్నుంచి మళ్లీ ఇంజన్‌కి తిరుగుతూ ఉండే నీళ్లవి. దారంతా మూసే ఉంటుంది. వారానికి పావు లీటరు తగ్గుతోందంటే వారానికి పావు లీటరు బయటికి పోతోందన్నమాట. ఎక్కణ్నుంచో కనిపెట్టకుండా రేడియేటర్ మార్చేస్తే డబ్బు పోతుంది, లీకు ఉన్నచోటే ఉంటుంది.

మీ ఉత్తరంలో రెండు ముక్కలు చదవగానే నా అనుమానం డబ్బా మీదికే పోయింది. ఒకటి రంగు తిరగడం, రెండోది మూత మీద 1.4 ఉండడం. ఆ అంకె 1.4 బార్ ఒత్తిడికి గుర్తు. కొన్ని బళ్లలో ఒత్తిడి పట్టే మూత రేడియేటర్ మీదే ఉంటుంది. పక్కనున్న డబ్బా పొంగిన నీళ్లు పట్టుకోవడానికి మాత్రమే, దాని మీద భారం ఉండదు. మీ బండిలో అలా కాదు. ఇంజన్ వేడెక్కిన ప్రతిసారీ ఒత్తిడంతా ఆ ప్లాస్టిక్ డబ్బా గోడలే మోస్తాయి. 9 ఏళ్లపాటు రోజుకి రెండుమూడుసార్లు వేడెక్కి చల్లారిన ప్లాస్టిక్ పెళుసుబారుతుంది, రంగు మారుతుంది. రెండు సగాలు అతికిన కుట్టు దగ్గరో, పైపు తొడిగే ముక్కు మొదట్లోనో సన్నగా నెర్రె విడుస్తుంది.

మరి కింద తడి ఎందుకు లేదంటారా? ఇంజన్ చల్లగా ఉన్నప్పుడు ఆ నెర్రె మూసుకునే ఉంటుంది. బండి వేడెక్కి లోపల ఒత్తిడి పెరిగాక విచ్చుకుంటుంది. బయటికొచ్చిన చుక్క కాలుతున్న లోహం మీద పడి నేలకి చేరకముందే ఆవిరైపోతుంది. నీరు పోతుంది గానీ కూలెంట్‌లోని మందు ఎండి పొడిలా అంటుకుంటుంది. మీరు వెతకాల్సింది తడి కాదు, ఆ మరక.

పొద్దున్నే, రాత్రంతా చల్లారిన బండి బానెట్ ఎత్తండి. చేతిలో టార్చి ఉండాలి. డబ్బా ముందునుంచి వెలుగు వేస్తే ఏమీ కనపడదు. టార్చిని డబ్బా వెనక్కి పెట్టి, గోడలోంచి వెలుగు మీ కంటికి వచ్చేలా చూడండి. మంచి ప్లాస్టిక్ అయితే వెలుగు ఒకేలా పరుచుకుంటుంది. నెర్రె ఉన్నచోట తలవెంట్రుకంత గీత తళుక్కుమంటుంది. దాని మీద గోరు అడ్డంగా లాగితే చిన్న మెట్టులా తగులుతుంది. పైకి కనిపించే వైపు ఏమీ లేకపోతే, డబ్బాని పట్టి ఉంచిన బోల్టులు విప్పి, పైపులు ఊడదీయకుండానే కాస్త ఎత్తి అడుగు భాగం చూడండి. నేను చూసిన పగుళ్లలో సగానికి సగం అడుగునే ఉన్నాయి. లెవెల్ సెన్సార్ దూర్చిన చోటు కూడా మరిచిపోకండి.

మరక మూత కింద, మెడ చుట్టూ మాత్రమే ఉంటే తప్పు డబ్బాది కాకపోవచ్చు. మూతలో ఒక స్ప్రింగు, రబ్బరు రింగులు ఉంటాయి. స్ప్రింగు బలం తగ్గితే 1.4 దాకా ఆగకుండా ముందే వదిలేస్తుంది, కూలెంట్ ఆవిరిగా పోతూ ఉంటుంది. ఇంజన్ చల్లారేటప్పుడు గాలిని లోపలికి రానిచ్చే చిన్న వాల్వు ఇంకోటి అదే మూతలో ఉంది. అది బిగుసుకుపోతే తెల్లారేసరికి పైపులు పిండినట్టు చప్పిడిగా అయిపోతాయి. పొద్దున పై పైపు, అంటే ఇంజన్ నుంచి రేడియేటర్ పైభాగానికి వెళ్లే లావుపాటి పైపు, ఒకసారి చూస్తే తెలిసిపోతుంది.

కంటికి ఏదీ దొరక్కపోతే మెకానిక్ దగ్గర ప్రెషర్ టెస్టర్ ఉందో లేదో అడగండి. మూత ఉండేచోట బిగించే చేతి పంపు అది, మీటరుతో ఉంటుంది. చల్లటి ఇంజన్ మీద 1.4 దాకా ఎక్కించి, అంతకు మించకుండా, పావుగంట వదిలేయాలి. ముల్లు కదలకపోతే బయట లీకు లేనట్టే. దిగుతుంటే, ఎక్కడో ఒకచోట చుక్క కట్టడం కళ్లారా చూస్తారు. డబ్బా దగ్గరో, వాటర్ పంపు కింద ఉండే చిన్న రంధ్రం దగ్గరో, హీటర్ లీకైతే ముందు సీటు కాళ్ల దగ్గర తివాచీ మీదో. ఈ పరీక్ష చేయకుండా రేడియేటర్ మార్చమనేవారికి బండి ఇవ్వకండి.

ఒక్క సంగతి మాత్రం మనసులో పెట్టుకోండి. హీటు ముల్లు సగంలో ఉంది కదా అని ధైర్యపడొద్దు. ఆ ముల్లుకి కబురు పంపే సెన్సార్ నీళ్లలో మునిగి ఉండాలి. నీళ్లు బాగా పోయి సెన్సార్ గాలిలో తేలితే, లోపల ఇంజన్ కాలిపోతున్నా ముల్లు ఏమీ ఎరగనట్టు ఉండొచ్చు. మీరు వారంవారం డబ్బా చూస్తున్నారు కాబట్టే ఇన్నాళ్లూ గండం గడిచింది. లీకు డబ్బాదనో మూతదనో తేలితే రెండూ ఒకేసారి మార్పించండి.

ప్రశ్న: మా డబ్బాలో ఆకుపచ్చ కూలెంట్ ఉంది. దొరకలేదని గులాబీ రంగుది పోశాను. ప్రమాదమా?

జవాబు: రంగు కంపెనీ వాళ్లు కలిపేదే, దానికి అందరూ పాటించే లెక్క లేదు. ఒకే రంగులో రెండు వేర్వేరు రసాయనాలు ఉండొచ్చు, రెండు రంగుల్లో ఒకటే ఉండొచ్చు. బండితో వచ్చిన పుస్తకంలో ఏ రకం వాడాలో రాసి ఉంటుంది, అదే ప్రమాణం. సరిపడని రకాలు కలిస్తే తుప్పు ఆపే గుణం పోతుంది, కొన్నిసార్లు చిక్కగా గడ్డకట్టి సన్న దారులు మూసేస్తుంది. పోసింది ఏ రకమో తేలకపోతే మొత్తం తీసేసి, కడిగి, ఒకే రకం నింపించండి. కలపడానికి డిస్టిల్డ్ వాటరే వాడండి. బోరు నీళ్లు పోస్తే లోపల సున్నం పేరుకుంటుంది.

ప్రశ్న: అన్నా, నా బండి కూలెంట్ డబ్బా అడుగున పగిలింది. ఎపాక్సీ పెట్టాను, రెండు రోజులు ఆగి మళ్లీ కారింది. కొత్త డబ్బా తెచ్చుకున్నాను. నా చేతులతో నేనే మార్చాలని కోరిక. కానీ పైపు ఎంత లాగినా రావట్లేదు. తేలికగా వచ్చే ఉపాయం చెప్పన్నా.

జవాబు: తమ్ముడూ, ఎపాక్సీ ఆగకపోవడం నీ పనితనం లోపం కాదు. ఈ డబ్బాలు ఎక్కువగా పాలీప్రొపిలీన్‌వి. ఆ ప్లాస్టిక్‌కి జిగురు సరిగా అంటదు. పైగా వేడికి డబ్బా సాగుతుంది, గట్టిపడ్డ జిగురు సాగదు. మంచిపని చేశావు, కొత్తది తెచ్చుకున్నావు. లీకు ఆపే మందు మాత్రం పోయొద్దు. అది పగులు దగ్గరే ఆగదు, హీటర్ లోపలి సన్న గొట్టాల్లోనూ పేరుకుంటుంది.

మొదలుపెట్టే ముందు పాతదీ కొత్తదీ పక్కపక్కన పెట్టి చూడు. ముక్కులు ఎన్ని, ఎంత లావు, ఎటు తిరిగి ఉన్నాయి, సెన్సార్ చోటు ఉందా లేదా. పైపులు విప్పాక తేడా కనిపెడితే బండి అక్కడే నిలిచిపోతుంది.

ఇంజన్ పూర్తిగా చల్లారాలి. గంట కాదు, రాత్రంతా వదిలేయి. నీళ్లు మామూలుగా 100 డిగ్రీల దగ్గర మరుగుతాయి. 1.4 బార్ ఒత్తిడిలో ఉత్త నీళ్లే 125 దాటాక గానీ మరగవు. వేడి మీద మూత తిప్పావంటే ఆ ఒత్తిడి ఒక్కసారిగా పోతుంది, లోపలున్నది క్షణంలో మరిగి ముఖం మీదికి ఎగజిమ్ముతుంది. కాలిన చేతులు చూశాను కాబట్టి గట్టిగా చెబుతున్నాను. బ్యాటరీ మైనస్ తీగ కూడా తీసి పక్కన పెట్టు. కొన్ని బళ్లలో తాళం తీసేసినా ఫ్యాను తిరుగుతుంది.

డబ్బాలో నీళ్లు పెద్ద సిరంజితో తోడేయి. పైపు పెట్టి నోటితో పీల్చొద్దు, కూలెంట్ విషం. కింద వెడల్పాటి పళ్లెం పెట్టుకో.

ఇక నీ పైపు సంగతి. లాగడం వల్లే రావట్లేదు. రబ్బరుని లాగేకొద్దీ సన్నబడి ముక్కుని ఇంకా బిగించి పట్టుకుంటుంది. ముందు స్ప్రింగు క్లిప్పు రెండు చెవులూ ప్లయర్‌తో నొక్కి, ముక్కు మీదున్న ఉబ్బు దాటేదాకా వెనక్కి జరుపు. తర్వాత పైపుని గుడ్డతో చుట్టి, లాగకుండా కుడికీ ఎడమకీ తిప్పు. మొదట కదలదు. నాలుగైదుసార్లు తిప్పేసరికి చిన్న శబ్దంతో అతుకు వదులుతుంది, పైపు ముక్కు మీద గుండ్రంగా తిరగడం మొదలవుతుంది. అప్పుడు తిప్పుతూనే బయటికి జరుపు. స్క్రూడ్రైవర్ దూర్చి ఎత్తితే పైపు లోపలి పొర చీరుకుపోతుంది, కొత్త డబ్బా పెట్టినా అక్కడే కారుతుంది.

ఎంతకీ రాకపోతే పైపు కోయకు. పాత డబ్బా ఎలాగూ పారేసేదే, దాని ముక్కునే మొదట్లో రంపంతో కోసెయ్యి. పైపులో మిగిలిన తునకని తర్వాత మెల్లగా తీయొచ్చు. ముక్కలు ఒక్కటి కూడా లోపల పడనివ్వకు, నీళ్లతోపాటు తిరిగి ఎక్కడో అడ్డం పడతాయి. ఊడిన పైపుల నోళ్లు పైకెత్తి, లావుపాటి బోల్టు ఒకటి దూర్చితే మిగతా నీళ్లు కారవు.

పైనుండే సన్న పైపు ఒకటి ఉంటుంది, గాలి బుడగల్ని డబ్బాలోకి తెచ్చేది. కొత్త డబ్బా పెట్టేముందు దాన్ని ఊది చూడు, కానీ నోటితో కాదు, గాలి పంపుతో. అది మూసుకుపోతే గాలి లోపలే చిక్కుకుంటుంది.

పైపులు తొడిగేటప్పుడు ముక్కుకి కొంచెం కూలెంట్ రాస్తే జారుతుంది. గ్రీజు, ఆయిలు వద్దు, ఆ రబ్బరు ఉబ్బి పాడవుతుంది. క్లిప్పు ఉబ్బు వెనకాల కూర్చోవాలి. స్ప్రింగు క్లిప్పు బాగుంటే అదే వాడు. స్క్రూ క్లిప్పు పెట్టి బలమంతా ఉపయోగిస్తే కొత్త ముక్కు ఆ రోజే చిట్లుతుంది.

తీగ మళ్లీ తగిలించి, మాక్స్ గీత దాకా కూలెంట్ మెల్లగా పొయ్యి. గాలి వదిలే స్క్రూ నీ బండికి ఉంటే బుడగలు ఆగి ఉత్త నీళ్లు వచ్చేదాకా తెరిచి ఉంచు. మూత బిగించి, హీటర్ పూర్తి వేడిలో పెట్టి, ఇంజన్ ఆన్ చేసి కూర్చో. ఈ గాలి తీసే పద్ధతి బండిని బట్టి మారుతుంది, పుస్తకంలో వేరేగా రాసి ఉంటే అదే చెయ్యి. ఫ్యాను రెండుసార్లు తిరిగి ఆగేదాకా ముల్లు మీదే కన్నుండాలి. హీటర్‌లోంచి వేడిగాలి రావాలి. ముల్లు ఎక్కుతూ హీటర్ చల్లగా ఊదుతుంటే లోపల గాలి చిక్కినట్టే, వెంటనే ఆపెయ్యి. అంతా బాగుంటే చల్లారాక మట్టం చూసి తగ్గినంత పొయ్యి. వరసగా మూడు పొద్దులు చూడు. మాక్స్ దాటి నింపకు. వేడికి నీళ్లే నూటికి 4 వంతులు ఉబ్బుతాయి, 6 లీటర్ల కూలెంట్ పట్టే బండిలో అది పావు లీటరు. ఆ చోటు ఖాళీగా ఉండాలి.

పళ్లెంలో పడ్డ కూలెంట్ ఆరుబయట వదలకు తమ్ముడూ. తియ్యగా ఉంటుందని కుక్కలు, పిల్లులు నాకుతాయి. వాటి కిడ్నీలు పాడై చచ్చిపోతాయి. నేల మీద ఒలికింది కూడా నీళ్లు పోసి గుడ్డతో తుడిచెయ్యి. పట్టినదాన్ని కాలవలో పోయకుండా సీసాలో పోసి, పాత ఆయిలు తీసుకునే చోట అడిగి ఇవ్వు.

ప్రశ్న: గురువుగారూ, ఆరు నెలల్లో రెండు డబ్బాలు పగిలాయి. రెండూ కుట్టు దగ్గరే. నాసిరకం సరుకు అంటున్నారు. మూడోది ఒరిజినల్ తెప్పిస్తే సరిపోతుందా?

జవాబు: మూడోది ఇప్పుడే కొనొద్దు. ఈ పనిలో 30 ఏళ్లుగా ఉన్నాను, మీలాంటి బండే ఒకటి నా చేతిలో పాడైంది. అప్పటికి ఐదేళ్ల అనుభవం నాది. డబ్బా చీలి వచ్చింది, మార్చాను. నాలుగు నెలలకి అదే చోట చీలి వచ్చింది. నేనూ సరుకునే తిట్టి ఇంకోటి పెట్టాను. మూడోసారి వచ్చినప్పుడు ఆయన రాత్రికి బండి నా దగ్గరే వదిలారు. పొద్దున చల్లటి ఇంజన్ స్టార్ట్ చేసి, ఊరికే పై పైపు మీద చెయ్యి వేశాను. ఇంకా గోరువెచ్చన కూడా కాలేదు. నిమిషం తిరక్కుండానే ఆ పైపు నా పిడికిట్లో కర్రలా బిగుసుకుపోయింది. వేడి లేకుండా ఒత్తిడి ఎక్కడిది? ఇంజన్‌కీ దాని పైమూత లాంటి హెడ్‌కీ మధ్య సందు మూసే హెడ్ గ్యాస్కెట్ పోయి, సిలిండర్‌లో పేలుతున్న గ్యాసు నీళ్లలోకి వస్తోంది. డబ్బా తప్పేం లేదు. ఆ ఒత్తిడికి అన్నిటికంటే బలహీనమైనది అదే కాబట్టి పగులుతోంది. మొదటిసారే ఆ పైపు పట్టుకుని ఉంటే గ్యాస్కెట్‌తో పోయేది. అప్పటికే హెడ్ వంగిపోయింది. ఆయనకి పెద్ద ఖర్చు తెచ్చిపెట్టింది నా తొందరే.

అప్పట్నుంచి చీలిన డబ్బా వస్తే కొత్తది పెట్టాక కూడా చల్లటి ఇంజన్ మీద ఆ పైపు పట్టుకోకుండా బండి పంపలేదు. మీరూ అదే చేయించండి. డబ్బాలో ఆగకుండా బుడగలు లేస్తున్నాయా, సైలెన్సర్‌లోంచి వేడెక్కాక కూడా తెల్లటి ఆవిరి వస్తోందా, ఆయిలు మూత అడుగున మీగడలాంటిది కట్టిందా చూడండి. ఇవేవీ లేకపోయినా గ్యాస్కెట్ బాగున్నట్టు కాదు. నీలం రంగు ద్రవం పోసిన గొట్టం ఒకటి ఉంటుంది, డబ్బా మెడ మీద పెట్టి లోపలి గాలిని అందులోంచి లాగుతారు. పెట్రోలు బండిలో సిలిండర్ గ్యాసు కలిసి ఉంటే నీలం పసుపుకి తిరుగుతుంది. రంగు మారకపోతే అప్పుడు మూత అనుమానించండి. వదలాల్సిన ఒత్తిడి దగ్గర వదలకుండా బిగుసుకుపోయిన మూత కూడా డబ్బాని ఇలాగే చీలుస్తుంది. రెండు డబ్బాలకీ పాత మూతే పెట్టారా? మీ ఉత్తరంలో ఆ సంగతి లేదు. రంగు మారితే మాత్రం బండిని నడుపుకుంటూ తీసుకెళ్లకండి, కట్టి లాగించండి.