పేరు తిరగేసే ముందు

తమ్మీ,

నీ కథ సగం ఆబిడ్స్‌లో ఆదివారం పాత పుస్తకాల మధ్య నిలబడే చదివేశాను, మిగతా సగం ఇరానీ హోటల్లో చాయ్ ముందు పెట్టుకుని చదివాను. నీ చేతిలో కథ ఉంది, అందులో నాకు డౌటు లేదు. కానీ మీటింగు సీనులో ఆ పెద్దమనిషికి 'డుకుయనా' అని పేరు పెట్టావు చూడు, అక్కడ ఆగిపోయాను. నాయకుణ్ణి తిరగేశావని తెలియడానికి వేళ్ల మీద అక్షరాలు లెక్కపెట్టాల్సి వచ్చింది. లెక్కపెట్టాక ఇంకేం నవ్వొస్తుంది?

తెలుగులో మాట తిరగబడేది అక్షరం అక్షరంగా, గుణింతంతో సహా. అందుకే రెండు మూడు అక్షరాల మాటలే నోటికి తిరుగుతాయి. ఒత్తులుంటే కష్టం, అచ్చుతో మొదలైతే మరీ కష్టం, 'అధికారి'ని తిరగేసి చూడు, ఆ 'అ' చివర్లో వేలాడుతుంది.

వాల్మీకి కథ మీ నానమ్మ చెప్పే ఉంటుంది. రామ అనడానికి నోరు తిరగని బోయవాణ్ణి మరా మరా అనమన్నారు, ఆపకుండా అంటుంటే అదే రామ అయింది. తిరగేసింది చెవి! నీ సీనులోనూ అదే చెయ్యి. ఆ పెద్దమనిషి మైకు పట్టుకుని నీతి, నీతి అని జనం చేత గుక్క తిప్పుకోకుండా అనిపిస్తాడు, నాలుగోసారికి వెనక వరసలో పిల్లాడికి తినీ తినీ అని వినిపిస్తుంది. పేరు మార్చే పనే లేదు. (తిరగేయడం వెక్కిరింపుకే అనుకోకు, ముక్కు తిమ్మన పారిజాతాపహరణంలో చివర నుంచి చదివినా అదే వచ్చే కందపద్యం రాశాడు, అదీ కృష్ణుడి స్తుతిలో.)

ఇంకొకటి. నీ కథలో టీ కొట్టు కుర్రాడి పేరు కూడా తిరగేశావు, అది తీసెయ్. మా ఏడో తరగతిలో లత అనే పేరున్న అమ్మాయిని మేమంతా 'తల' అని పిలిచేవాళ్లం, నేనే మొదలుపెట్టాను. మాతో పాటే నవ్వేది. కానీ సంవత్సరం చివరికి తన నోటుబుక్కు అట్ట మీద పేరు కొట్టేసి ఇంటిపేరు ఒక్కటే రాసుకుంది, పెన్ను ఎంత గట్టిగా నొక్కిందో అట్ట చిరిగింది. ఆ చిరుగు నాకింకా కళ్ల ముందే ఉంది. మైకున్న వాడి మాట తిరగేయి, వాడు తట్టుకుంటాడు. కప్పులు కడిగేవాడికి ఆ పేరు తప్ప ఏముంది?

ఆ సీను మళ్లీ రాసి పట్టుకురా. వచ్చే ఆదివారం పొద్దున అక్కడే ఉంటాను, నేను చదవను, నువ్వే పైకి చదివి వినిపించు.