డిసెంబర్ చలిలో హెడ్జ్‌హాగ్ పొద్దున్నే ముడుచుకుని కదలట్లేదు, హీటర్ ఏది పెట్టాలి?

రూమ్‌లో 24 డిగ్రీలు చూపిస్తోందన్నారు. అది గోడ మీది థర్మామీటర్ లెక్క, అదీ సాయంత్రం చూసింది. హైదరాబాద్‌లో అసలు చలి తెల్లవారుజామునే. పైగా బోను గచ్చు మీద ఉంటే కింద ఇంకా చల్లగా ఉంటుంది. రాత్రి కనిష్ఠం ఎంతో గుర్తుపెట్టుకునే డిజిటల్ థర్మామీటర్ తీసుకుని, దాని సెన్సార్‌ని హెడ్జ్‌హాగ్ పడుకునే చోట నేల ఎత్తులో పెట్టండి.

ఇళ్లలో పెంచే ఆఫ్రికన్ పిగ్మీ రకానికి రాత్రీ పగలూ 24 నుంచి 27 డిగ్రీలు కావాలి. 20 కన్నా తగ్గితే శీతాకాల నిద్రలోకి జారబోతుంది. యూరప్ హెడ్జ్‌హాగ్‌కి అది మామూలే, దీనికి మాత్రం ప్రాణం మీదికొస్తుంది.

షాపువాళ్లు అంటగట్టే ఎర్ర బల్బు వద్దు. రాత్రి వెలుతురుంటే అది బయటికి రాదు, తినదు. వెలుతురివ్వని సిరామిక్ హీటర్ బల్బు, నాలుగడుగుల వైరు బోనుకైతే 100 వాట్లది, సరిపోతుంది. హోల్డర్ పింగాణీదే ఉండాలి, ప్లాస్టిక్‌ది కరుగుతుంది. బల్బు బోను బయట, పైన, జాలీ డోమ్‌లో (బోర్లించిన గిన్నెలాంటి కప్పు) ఒక పక్కకి ఉండాలి. రెండో పక్క కాస్త చల్లగా ఉంటే తనకి కావాల్సిన చోటు హెడ్జ్‌హాగే ఎంచుకుంటుంది.

థర్మోస్టాట్ (వేడిని బట్టి బల్బుని తనే ఆన్, ఆఫ్ చేసే పరికరం) లేకుండా బల్బు పెట్టకండి. కోఠి గుజరాతీ గల్లీలో దొరికే ఎస్‌టీసీ-1000 చాలు. 25కి సెట్ చేసి తేడా 1 పెడితే 24 దగ్గర ఆన్ అయి 25 దగ్గర ఆగుతుంది. దీంట్లో హీటింగ్‌కి, కూలింగ్‌కి వేరువేరు టెర్మినల్స్ ఉంటాయి. బల్బు కూలింగ్ వైపు కలిపితే వేడెక్కాక ఆన్ అవుతుంది, ఇక ఆగదు. సెన్సార్ జారి బోను బయట పడ్డా అంతే. టేపుతో కాదు, వైరు క్లిప్‌తో బిగించండి. ఎలక్ట్రీషియన్ చేత కలిపిస్తే మంచిది. ప్లగ్ ఇన్వర్టర్ లైన్‌లో ఉందో లేదో కూడా చూసుకోండి, కరెంటు పోయేది సరిగ్గా ఆ చలిలోనే అయితే కష్టం.

పగటి వెలుతురు రోజుకి 12 గంటలైనా ఉండాలి. చీకటి గదిలో పెడితే వేడి సరిపోయినా మగతగా ఉంటుంది.

ఇప్పుడు పొట్ట చల్లగా ఉండి, తూలుతుంటే చొక్కా లోపల మీ ఒంటికి ఆనించి మెల్లగా వెచ్చబరచండి. వేడినీళ్లలో ముంచొద్దు, నోట్లో ఏమీ పోయొద్దు. గంటలో తేరుకోకపోతే డాక్టరు దగ్గరికి.

మేలో కథ తిరగబడుతుంది. 30 దాటితే కాళ్లు చాపి బోర్లా పడుకుంటుంది, ఎండకీ మగత వస్తుంది. బోనులో తాండూరు బండ ముక్క ఒకటి పెట్టండి, ఏసీ 26లో ఉంచండి, గాలి నేరుగా తగలనివ్వొద్దు.