రోజుకో రూపాయి పెంచే పొదుపు: జనవరిలో వద్దు, మే నెలలో మొదలుపెట్టండి

ప్రశ్న: మాది పలాస దగ్గర పల్లె. ఎకరం జీడితోట ఉంది. నేను జీడిపప్పు ఫ్యాక్టరీలో పొట్టు తీసే పనికి వెళ్తాను, కూలి వారంవారం ఇస్తారు. జనవరి 1న ఒక రూపాయి, 2న రెండు, 3న మూడు... ఇలా డిబ్బీలో వేస్తూ పోతే ఏడాదికి 66,795 రూపాయలు అవుతాయని మా డ్వాక్రా సంఘంలో అంటున్నారు. నిజమేనా? మొదలుపెట్టమంటారా? పాప పై చదువుకి డబ్బు కావాలి.

జవాబు: లెక్క నిజమేనమ్మా. మొదటి రోజు 1, ఆఖరి రోజు 365 కలిపితే 366. రెండో రోజు 2, ఆఖరి నుంచి రెండో రోజు 364 కలిపినా 366. ఏ జత చూసినా అంతే. అందులో సగం 183, దాన్ని 365తో గుణిస్తే 66,795. పదిహేను వందల ఏళ్ల కిందటే ఆర్యభటుడు శ్లోకంలో చెప్పిన పద్ధతి ఇది. ఎంతతో మొదలుపెట్టినా, ఎంత చొప్పున పెంచినా, పెంపు ఒకేలా ఉంటే చాలు, మొదటిదీ ఆఖరిదీ కలిపి సగం చేసి, ఎన్నిసార్లు వేశారో దాంతో గుణించండి.

ఈ సగటు 183 దగ్గర కాస్త ఆగండి. రోజుకి 183 రూపాయలు మిగిల్చగలిగిన ఇంటికే ఈ పథకం పూర్తవుతుంది. మొదట్లో రూపాయీ రెండూ వేస్తుంటాం కాబట్టి ఆ సంగతి తెలియదు. జనవరి మొత్తానికి పడేది 496 రూపాయలే. డిసెంబరు ఒక్క నెలకే 10,850 కావాలి. చాలామంది డిబ్బీలు దసరా దాటకుండానే ఆగిపోయేది ఇందుకే, వాళ్లకి క్రమశిక్షణ లేక కాదు.

మీ విషయంలో నాకు ఇంకా పెద్ద భయం ఉంది. అక్టోబరు, నవంబరు, డిసెంబరు మూడు నెలలకే 29,394 రూపాయలు వేయాలి. మీ ఉద్దానం ప్రాంతంలో తుపాన్ల కాలం అదే. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను జీడి, కొబ్బరి తోటల్ని ఎలా కూల్చేసిందో మీకు నేను చెప్పక్కర్లేదు. అలాంటి నెలల మీద ఏడాది పొదుపులో సగానికి కాస్త తక్కువ బరువు పెట్టడం నాకు నచ్చలేదు. జీడి పిక్కల డబ్బు చేతికొచ్చేది వేసవిలో. బరువు అప్పుడే మోయాలి.

అందుకని లెక్కని తిరగేయండి. మే మొదటి వారంలో 1,300 వేయండి. తర్వాత ప్రతి వారం 25 తగ్గించుకుంటూ వెళ్లండి: 1,275, 1,250, 1,225... అక్టోబరు మొదట్లో వారానికి 750కి వస్తుంది, డిసెంబరు ఆఖరుకి 450కి. మళ్లీ పిక్కల డబ్బు చేతికొచ్చే ముందు, ఏప్రిల్ చివర్లో, 25 రూపాయలే. 1,300, 25 కలిపితే 1,325. సగం 662.50. 52 వారాలకి 34,450 రూపాయలు. పెద్ద అంకె కాదని అనిపించొచ్చు, కానీ సెప్టెంబరు ముగిసేసరికే అందులో 22,825 మీ దగ్గర ఉంటాయి. తుపాను వచ్చి ఆపేయాల్సి వచ్చినా, పాప ఫీజులో పెద్ద భాగం పోగైనట్టే. పంట బాగా పండిన ఏడాది 25కి బదులు 50 చొప్పున, అంటే 2,600తో మొదలుపెట్టండి, 68,900 అవుతుంది.

డబ్బు ఇంట్లో ఉంచొద్దు. చేతికి అందేచోట ఉన్నది ఏదో అవసరానికి కరిగిపోతుంది, పైగా వడ్డీ రాదు. వారం వారం మీ బ్యాంకు సేవింగ్స్ ఖాతాలో వేసేయండి. పోస్టాఫీసు ఆర్డీలో నెలనెలా ఒకే మొత్తం కట్టాలి కాబట్టి ఇలా తగ్గే పొదుపుకి అది కుదరదు.

ఒక వారం కుదరకపోతే ఆ మొత్తాన్ని తర్వాతి వారం మీద వేయొద్దు. టెన్షన్ పడి మొత్తం మానేయడం అక్కడే మొదలవుతుంది. ఆ బాకీని పుస్తకంలో రాసుకుని, మార్చి, ఏప్రిల్ వారాల్లో కొంచెం కొంచెంగా తీర్చండి. ఆ వారాల్లో వేయాల్సింది ఎలాగూ తక్కువే.