వంకాయలపాటి అంటే వంకాయలు పండించినవాళ్ళా?

“మా ఇంటిపేరు వంకాయలపాటి. ఆఫీసులో కూరగాయల పేరని ఆటపట్టిస్తుంటారు. మా పూర్వీకులు నిజంగా వంకాయలు పండించేవాళ్ళా? అసలు సంగతి ఎలా తెలుసుకోవాలి?” అని అడిగారు కదా.

వంకాయలతో ఎంత సంబంధం ఉందో గానీ, మీ ఇంటిపేరు వచ్చింది మాత్రం వంకాయలపాడు అనే ఊరి నుంచి. పల్నాడు జిల్లా ఎడ్లపాడు మండలంలో ఆ పేరుతో ఊరుంది. స్పైసెస్ పార్కు పెట్టింది అక్కడే. ఊరి పేరు చివర వచ్చే పాడు అంటే పాడుబడటం కాదు, ఊరనే అర్థం. గూడు ‘గూటిలో’ అయినట్టు, నాడు ‘నాటికి’ అయినట్టు పాడు ‘పాటి’ అవుతుంది. నూతలపాడు వాళ్ళు నూతలపాటివారు అయ్యింది ఈ లెక్కనే. చివరి అక్షరం మారే తీరు వేరైనా, టంగుటూరు వాళ్ళు టంగుటూరివారు అయ్యిందీ ఊరి పేరుతోనే.

నేను సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు ఎదురుగా దస్తావేజులు రాస్తుంటాను. రోజూ రకరకాల ఇంటిపేర్లు నా చేతి మీదుగా పోతుంటాయి. నేను గమనించింది ఏంటంటే, ఊరి పేరు ఇంటిపేరుగా ఉన్నవాళ్ళు ఆ ఊళ్ళో ఉండటం చాలా అరుదు. ఆలోచిస్తే అది సహజమే. అందరూ వంకాయలపాడు వాళ్ళే అయినచోట ఒక్క ఇంటిని పట్టుకుని ఆ పేరుతో పిలవాల్సిన పనేముంది? కరువొచ్చో, మాన్యం దొరికో, ఆడపిల్లనిచ్చిన ఊరికి పోయో వేరేచోట స్థిరపడితే, అక్కడివాళ్ళు “ఫలానా ఊరివాళ్ళు” అనడం మొదలుపెడతారు. రెండు తరాలు తిరిగేసరికి అదే ఇంటిపేరు. సర్వేపల్లి నెల్లూరు జిల్లాలో ఉంటే రాధాకృష్ణన్ పుట్టింది తిరుత్తణిలో. గురజాడ కృష్ణా జిల్లా ఊరు, అప్పారావు పుట్టింది విశాఖ వైపు ఎస్. రాయవరంలో. ఘంటసాల వెంకటేశ్వరరావు పుట్టింది కూడా ఘంటసాలలో కాదు, చౌటపల్లిలో. అంటే ఇంటిపేరులో కనిపించేది మనవాళ్ళు ఒకప్పుడు వదిలి వచ్చిన ఊరు.

ఇంటిపేరు చెప్పగానే కులం చెప్పేస్తామని కొందరు గొప్పలు పోతుంటారు, వాళ్ళ మాట పట్టించుకోకండి. ఆ ఊరి నుంచి బాపనయ్యా పోయుంటాడు, రైతూ పోయుంటాడు, చాకలీ పోయుంటాడు. ఆమధ్య ఒక ఇళ్ళస్థలం అమ్మకం కాగితం రాస్తుంటే అమ్మేవారిదీ కొనేవారిదీ ఒకటే ఇంటిపేరు వచ్చింది. “అన్నదమ్ములా అండీ?” అని అడిగాను. ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుని నవ్వారు. గోత్రాలు వేరు, కులాలు వేరు, అసలు వాళ్ళిద్దరికీ పరిచయమైందే బ్రోకరు ద్వారా!

అన్నీ ఊళ్ళే అనుకోవద్దు. కరణం, దేశ్‌ముఖ్, దేశ్‌పాండే లాంటివి చేసిన ఉద్యోగాలు. గుర్రం, మేకా, కాకి, అల్లం, మిరియాల లాంటివాటి దగ్గరే చిక్కంతా. ప్రతి ఇంట్లోనూ ఒక కథ చెబుతారు. అందులో సగం పేరు చూసి తర్వాత అల్లినవే అని నా అనుమానం. కొన్నిటికి మాత్రం గట్టి ఆధారమే ఉంటుంది. భర్తృహరి సుభాషితాలను తెలుగు చేసిన ఏనుగు లక్ష్మణకవి వాళ్ళ అసలు ఇంటిపేరు పైడిపాటి. పెద్దాపురం ప్రభువులు వాళ్ళ పూర్వీకుడికి ఏనుగును బహూకరించడంతో ఏనుగువారయ్యారని చెబుతారు.

ఇంకో సంగతి, ఇంటిపేరు రాతిమీద గీతేం కాదు, మధ్యలో మారిపోతుంటుంది. శ్రీశ్రీ పుట్టింది పూడిపెద్దివారింట్లో, దత్తత వెళ్ళి శ్రీరంగం శ్రీనివాసరావు అయ్యారు. హైదరాబాద్ రాష్ట్ర ముఖ్యమంత్రిగా చేసిన బూర్గుల రామకృష్ణారావు అసలు ఇంటిపేరు పుల్లంరాజు, సొంతూరు బూర్గుల పేరే చివరికి నిలబడింది. కాబట్టి మీ వంశంలో దత్తతలేమైనా ఉన్నాయేమో ముందు కనుక్కోండి. లేకపోతే మీది కాని ఊరు పట్టుకుని వెతుకుతారు.

ఇక ఎలా తెలుసుకోవాలంటే, మీ తాతగారి తరంవాళ్ళు ఎవరున్నా ఇలవేల్పు ఎవరో, ఆ గుడి ఎక్కడుందో అడగండి. ఊరు మర్చిపోయినవాళ్ళు కూడా దేవుణ్ణి మర్చిపోరు. కొన్ని కులాలకు వంశరాజులు అనే, వంశాల చరిత్ర చెప్పే సంచార కులంవాళ్ళు వచ్చి గోత్రాలు, ఇంటిపేర్లు వరస పెట్టి చెప్పేవాళ్ళు. మీ వైపు ఆ ఆనవాయితీ ఉంటే అదృష్టమే. పెద్దవాళ్ళెవరైనా కాశీకో గయకో వెళ్ళి పిండప్రదానం చేసి ఉంటే, అక్కడి పండాల (తీర్థ పురోహితుల) పుస్తకాల్లో పేర్లు, ఊరు రాసి ఉండే అవకాశం ఉంది.

అన్నిటికంటే నేను నమ్మేది పాత భూమి కాగితాలను. ఇప్పటి దస్తావేజులో ఆధార్, పాన్ నంబర్లే ఎక్కువ. వెనకటి వాటిలో ఇంటిపేరు, తండ్రి పేరు, చేసే వృత్తి, ఏ తాలూకా ఏ గ్రామ కాపురస్తులో, కొన్నిట్లో కులంతో సహా వరసగా ఉండేది. పొలం కొన్న తొలి తరం కాగితంలో “ఫలానా గ్రామ కాపురస్తులు” అన్నచోట వేరే ఊరి పేరు కనిపిస్తే మీ దారి దొరికినట్టే. బీరువాలో ఉన్న లింకు డాక్యుమెంట్లు, అంటే ఆ ఆస్తి అంతకుముందు చేతులు మారినప్పటి పాత దస్తావేజులు, అడుగునుంచి తీసి చూడండి. అసలు కాగితం పోయినా డాక్యుమెంటు నంబరు, సంవత్సరం తెలిస్తే చాలు, రిజిస్టరైన ఆఫీసులోనే నకలుకి దరఖాస్తు పెట్టుకోవచ్చు.